గవ్వలపేట తెల్లకంబం, మా సుబాబుల్ చెట్లు

మా స్థలంలో ఎవరో చెట్లు కొట్టేశారని తెలియకపోతే, సముద్రం ఒడ్డున కొండకొమ్ము మీదున్న ఒక పాత దీపస్తంభం దగ్గరికి నందిగామ నుంచి నేను అంత దూరం వెళ్ళేదాన్నే కాదు. యాత్రలంటే నాకు మొదటినుంచీ అనుమానం. ఫోటోలో చూపించే గది ఒకటి, తాళం తీసి చూపించే గది ఇంకొకటి. నేను నందిగామ దగ్గర ప్రభుత్వ హైస్కూల్లో లెక్కలు చెబుతాను. పిల్లల పేపర్లలో జవాబు కంటే ముందు స్టెప్పులు చూస్తాను, ఎందుకంటే జవాబు పక్కవాడిది చూసి కూడా రాయొచ్చు.

ఐదేళ్ళ కిందట నేనూ, మా ఆయన అక్క కస్తూరి వదినగారూ కలిసి భీమిలి అవతల గవ్వలపేట అనే జాలర్ల పల్లె దగ్గర కొండవాలులో ఇరవై సెంట్లు కొన్నాం. వదినగారిది జగ్గయ్యపేట. ఎప్పటికైనా చిన్న ఇల్లు వేసుకుని పొద్దున్నే సముద్రం చూడాలని ఆవిడ ఆశ. కొన్న భూమి ఖాళీగా పడి ఉంటే ఎవరు కాజేస్తారో అని నా భయం. మా వైపు ఖాళీ చేలోకి మొదట గొర్రెలొస్తాయి, తర్వాత మనుషులు అడ్డదారి నడుస్తారు, బాట పడిందంటే ఇక ఆ చేను మీద ఆశ వదులుకోవాల్సిందే. అందుకని మా వైపు ఊళ్ళో లేని ఆసాములు చేసే పనే నేనూ చేశాను. సుబాబుల్ వేశాను.

కంచికచర్ల నుంచి జగ్గయ్యపేట దాకా హైవే మీద ప్రయాణం చేసినవాళ్ళకి ఈ చెట్టు గురించి చెప్పక్కర్లేదు. కాగితం మిల్లులకి పోయే కర్ర. నీళ్ళు అడగదు, మనిషిని అడగదు, మూడేళ్ళు తిరిగేసరికి రెండంతస్తుల మేడంత ఎదుగుతుంది. గవ్వలపేట స్థలంలో మా మరిది పొలంలో ఏరిన గింజలు చల్లించి, చుట్టూ ముళ్ళకంచె వేయించి, బోర్డు పెట్టించి వచ్చాను. మళ్ళీ అటు వెళ్ళలేదు. నా దృష్టిలో జీతం అడగని కాపలావాడు ఉండనే ఉన్నాడు.

ఈ మే నెలలో అటు వెళ్ళిన మా స్కూలు టీచరు ఒకావిడ ఫోటో పంపింది. తోట మధ్యలో చెట్లు కొట్టేసి ఉన్నాయి. నేను ఆ రోజే అక్కడి పోలీస్ స్టేషనుకి రిజిస్టర్డ్ పోస్టులో ఫిర్యాదు పంపాను. వారం తర్వాత ఎస్సైగారు ఫోన్ చేశారు. సింహాచలం అనే జాలరి, అడగ్గానే తనే కొట్టానని ఒప్పుకున్నాడట. "మీరు వచ్చి చెట్లు చూసి సంతకం పెడితే కేసు కడతాం మేడం. త్వరగా రండి, వేట నిషేధం అయిపోతోంది, మళ్ళీ పడవలు దిగితే దొరకడు" అన్నారు. కేసు పడితే అతను వేట మానుకుని స్టేషను చుట్టూ తిరగాలి. సంతకం పెట్టేది నేను. నాకు ఏమాత్రం జాలి కలగలేదు. పైగా ఇంకో అనుమానం పట్టుకుంది. దొంగ అడగ్గానే ఎందుకు ఒప్పుకుంటాడు? వెనక ఏదో పెద్ద ఎత్తు ఉండి ఉండాలి.

స్కూళ్ళు తెరవడానికి ఇంకా ఐదు రోజులుండగా బయల్దేరాం. వదినగారు తెల్లవారుజామున నాలుగు నలభైకి జగ్గయ్యపేటలో బస్సెక్కి, నా కోసం పక్క సీట్లో తువ్వాలు వేసి కూర్చున్నారు. నేను ఐదున్నరకి నందిగామలో ఎక్కాను. ఎక్కగానే టికెట్ మిషను కాగితం చూసి దూరం సరిగ్గా కొట్టాడా లేదా అని సరిచూసుకున్నాను.

"ఒసే సుజాతా, ఆ కండక్టరుకి పెళ్ళయి ఇరవై ఏళ్ళయినట్టుంది. ఇంకా వాణ్ణి పరీక్ష చేస్తావేంటే" అన్నారు వదినగారు.

విజయవాడలో ఏడుం పదికి రైలు. రిజర్వేషను ఉంది కాబట్టి కూర్చోవడానికి ఇబ్బంది లేదు. రాజమండ్రి దాటాక ఎదురు సీట్లో తునిలో దిగే ఒక పెద్దాయన సంచీలోంచి మామిడిపళ్ళు తీసి, కోసి, మా ఇద్దరికీ చెరో ముక్క పెట్టబోయాడు. కొత్తవాళ్ళు పెట్టింది తినకూడదని రైలు గోడ మీదే రాసి ఉంటుంది. నేను వద్దన్నాను. వదినగారు నా ముక్క కూడా తిన్నారు. ఆయన ఎక్కడికని అడిగితే వదినగారే చెప్పేశారు, స్థలం సంగతి, చెట్ల సంగతి, దొంగ సంగతి.

"గవ్వలపేటా? అక్కడ కొండ మీద తెల్లకంబం ఉంటుందమ్మా. పాతకాలం దీపం. మీ స్థలం దానికి ఎంత దూరం?" అని అడిగాడాయన.

"దాని కిందే" అన్నారు వదినగారు. నేను కాలితో ఆవిడ కాలు తొక్కాను. స్థలం ఎక్కడుందో రైల్లో చాటింపు వేస్తారా ఎవరైనా?

రెండింటికి విశాఖపట్నంలో దిగాం. బస్ కాంప్లెక్స్ దగ్గర లాడ్జిలో గది పన్నెండొందలు. గడియ ఊగుతోందని చెబితే ఇంకో గది ఇచ్చారు. అక్కడ గడియ గట్టిగానే ఉంది గానీ కుళాయి కారుతోంది. నేను తలుపుకి కుర్చీ అడ్డం పెట్టి పడుకున్నాను. మర్నాడు పొద్దున వదినగారు స్నానానికి లేచి చీకట్లో ఆ కుర్చీకి తగులుకుని నన్ను నాలుగు తిట్టారు.

ఏడూ ఐదుకి భీమిలి బస్సు. ఇటువైపు వెళ్ళదలచుకున్నవాళ్ళు కుడివైపు కిటికీ పట్టుకోండి. దారి పొడుగునా సముద్రం పక్కనే వస్తుంది. ఎనిమిదిన్నరకి భీమిలిలో దిగి ఇడ్లీ తిన్నాం. బొంబాయి చట్నీ బాగుంది. అక్కణ్ణుంచి గవ్వలపేటకి షేర్ ఆటోలు ఉంటాయి, మనిషికి నలభై. ఆటో అతను తెల్లకంబం మూడొందల ఏళ్ళ నాటిదన్నాడు. ఇడ్లీ బండి ఆవిడ డచ్చివాళ్ళు కట్టారంది. ఆటోలో మాతో కూర్చున్న పోస్టుమాన్ కాదు ఇంగ్లీషువాళ్ళు కట్టారన్నాడు. మీరు చూశారా అని ముగ్గురినీ అడగాలనిపించింది. దాని మొదట్లో ఒక రాతి పలక ఉంది గానీ, ఉప్పుగాలి అక్షరాలన్నీ తినేసింది. ఎవరు ఏం చెప్పినా కాదనడానికి ఆధారం లేదు.

తొమ్మిదింబావుకి కొండ కింద దిగి కాలిబాటన పైకి నడిచాం. కొండ పెద్దదేం కాదు, పది నిమిషాల ఎక్కుడు. సముద్రం వైపు కొంత వాలు, దాని కింద నిటారుగా తెగినట్టు ఉంటుంది. కొనకొమ్మున మూడు నిలువుల ఎత్తు గుండ్రటి రాతి కంబం. పైన ఒకప్పుడు నూనె దీపం పెట్టిన గూడు. ఇప్పుడందులో పావురాలున్నాయి. కంబానికి నిచ్చెన వేసుకుని ఎవరో సున్నం కొడుతున్నారు. కంబానికి కొంచెం కింద, సముద్రం వైపు వాలులో, మా ఇరవై సెంట్లు.

కంచె తెగి ఉంది. లోపలికి వెళ్ళి లెక్కపెట్టాను. పద్నాలుగు చెట్లు కొట్టారు. దొంగలు కొట్టే పద్ధతి నాకు తెలుసు. దారి పక్కన, బండికి అందే చోట, లావు చెట్లు చూసి కొడతారు. ఇక్కడ లావు చెట్లు ముట్టుకోలేదు. స్థలం పైఅంచు నుంచి కిందఅంచు దాకా, గీత గీసినట్టు తిన్నగా, మూడు బారల వెడల్పున కొట్టారు. కొట్టిన కర్ర కొమ్మలు చెక్కి, కంచె పక్కన చక్కగా పేర్చి ఉంది. ఒక్క దుంగ కూడా పోలేదు.

"కర్ర ఎత్తుకుపోలేదు, అదేం దొంగతనమే?" అన్నారు వదినగారు.

"వాళ్ళకి కావాల్సింది కర్ర కాదు వదినగారూ, బాట. చూడండి, కొండమీంచి కిందికి తిన్నగా దారి తీశారు. రేపు దీని మీద నడుస్తారు, ఎల్లుండి తరతరాల నుంచీ నడుస్తున్నామంటారు."

ఆ ఖాళీలో నిలబడి పైకి చూస్తే తెల్లకంబం, కిందికి చూస్తే సముద్రం. లెక్కలు చెప్పే నాకు స్టెప్పులన్నీ కళ్ళ ముందే ఉన్నాయి. జవాబు మాత్రం ఇంటినుంచి తెచ్చుకున్నాను. కోపంగా పైకెక్కి నిచ్చెన దగ్గరికి వెళ్ళాను.

"ఎవరయ్యా నువ్వు? దీనికి సున్నం వెయ్యమని నీకెవరు చెప్పారు?"

యాభై ఏళ్ళుంటాయి ఆ మనిషికి. చేతులూ మొహం సున్నపు చుక్కలు. దిగి వచ్చి తలగుడ్డ తీసి చేతులు తుడుచుకున్నాడు. "ఎవులూ సెప్పక్కర్లేదమ్మా. వేటకెల్లే ముందు ఏటేటా ఒక ఇంటోలు ఏస్తారు. ఈ ఏడు వంతు మాది. నా పేరు సింహాచలం."

ఇంత తేలిగ్గా దొరుకుతాడనుకోలేదు. చెట్లు నావేనని చెప్పాను. పారిపోతాడేమో అని చూశాను. అతను పారిపోలేదు సరికదా, మొహం విప్పారింది.

"మీరేనేటమ్మా! వచ్చీసినారా. మీకోసం ఎంత ఎతికినామో. సెట్లు నానే కొట్టినాను. పద్నాలుగు. కర్ర పేర్సి ఉంచినాం, సూసుకోండి, ఒక్కటి తగ్గదు."

"కొట్టినవాడివి కొట్టి, లెక్క కూడా చెబుతున్నావా? ఎందుకు కొట్టావు?"

"కంబం కనబళ్ళేదమ్మా."

"ఎవరికి?"

"పడవలకి."

అప్పుడు చెప్పాడు. ఊరి ముందు సముద్రంలో జంటగా రెండు బండలున్నాయట. నీళ్ళు ఎక్కువున్నప్పుడు పైకి కనిపించవు. వాటి మధ్య సందులోంచే పడవలు ఒడ్డుకి రావాలి. ఒడ్డున ఒక నల్లరాయి ఉంది. ఆ నల్లరాయికి సరిగ్గా నెత్తిన తెల్లకంబం కనిపిస్తే పడవ సందులో ఉన్నట్టు. పక్కకి జరిగితే బండ మీదికి వెళుతున్నట్టు. కంబంలో దీపం ఆరిపోయి ఎన్నేళ్ళయినా పగటిపూట వాళ్ళకి అదే గురుతు. అది కనిపించేట్టు చూసే బాధ్యత ఆ ఏడు సున్నం వంతు ఎవరిదైతే వాళ్ళది. కనిపించక ఎవరికేమైనా అయితే ఆ ఇంటికి మాట వస్తుంది. అందుకే పోలీసులు అడగ్గానే ఒప్పుకున్నాడు.

నేను నమ్మలేదు. కథ ఎంత బాగుంటే నాకు అంత అనుమానం.

"ఇప్పుడందరి దగ్గరా ఫోన్లున్నాయిగా. దారి అదే చూపిస్తుందిగా?"

"ఉన్నాయమ్మా. ఫోను ఊరిదాకా తెస్తాది. రాయిని తప్పించదు. అయినా ఇక్కడ నిలబడి నానేటి సెప్పినా మీరు నమ్మరు. నీల్ల మీదికెల్లి ఒక్కసారి సూడండి."

మమ్మల్ని పడవెక్కించి, అవతలికి తీసుకుపోయి, ముంచేస్తే ఫిర్యాదూ ఉండదు, సంతకమూ ఉండదు. వదినగారికి మాత్రం తిరునాళ్ళకి పిలిచినట్టయింది. "పద పద" అంటూ నాకంటే ముందు కొండ దిగడం మొదలుపెట్టారు. అనుమానం పెనుభూతమంటారు. ఆ భూతాన్ని వెంటేసుకునే నేనూ దిగాను.

ఒడ్డున పడవలన్నీ ఇసక మీదకి లాగి ఉన్నాయి. వేట నిషేధం కదా. వల లేకుండా చిన్న తెడ్ల పడవ తీశారు. పడవ నీళ్ళలోకి తోసేటప్పుడు తాడు పట్టుకోవడానికి ఇంకొకాయన వచ్చాడు. చంకలో కర్ర. కుడికాలు మోకాలి కింద వంకరగా అతుక్కుపోయి, నేలకి ఆనడం లేదు. సింహాచలం తమ్ముడట, ఎర్రయ్య. నేను పడవ మీద రాసిన నంబరు, టైము పదకొండుం పది, మనుషుల పేర్లు మా ఆయనకి మెసేజి పెట్టాను. "ఒకవేళ నేను" అని ఇంకో మెసేజి మొదలుపెట్టి, వదినగారు తొంగి చూస్తున్నారని తుడిపేశాను.

ఆ రోజు సముద్రం నిమ్మళంగా ఉందన్నారు. నాకలా అనిపించలేదు. రెండు చేతులా పడవ అంచు పట్టుకుని, కళ్ళు మూసుకుని, మనసులో పదమూడో ఎక్కం చదువుకున్నాను. తెడ్లు వేసే చప్పుడు ఆగాక సింహాచలం, "ఇప్పుడు సూడండమ్మా" అన్నాడు.

చూశాను. ఒడ్డున నల్లరాయి. దాని నెత్తిన, నిలువునా, తెల్లటి కంబం. కంబానికి అటూ ఇటూ దట్టంగా పచ్చటి గోడ. అవి మా చెట్లు. ఆ గోడలో మూడు బారల కిటికీ. అతను తెడ్డు నాలుగుసార్లు వేశాడు. పడవ కొంచెం ఎడమకి జరిగిందో లేదో, కంబం మా చెట్ల వెనక్కి పోయింది. కొండ మొత్తం ఒకటే పచ్చదనం. పడవకి అవతల, అంత దగ్గరలో, నీళ్ళు తెల్లగా నురగలు కక్కుతున్నాయి. దాని కింద నల్లగా వీపులాంటిది ఒకసారి తేలి మునిగింది.

"అదేనమ్మా రాయి."

"అసలు చెట్లేవీ కొట్టకముందు?" అని అడిగాను.

సింహాచలం అరచెయ్యి తన కళ్ళకి అడ్డం పెట్టుకుని చూపించాడు.

వదినగారు దణ్ణం పెడుతున్నారు, దేనికో తెలియదు. నాకు సిగ్గేసింది. బాట అనుకున్నాను దాన్ని. ఎవరూ నడవడానికి కాదు అది, చూడ్డానికి.

ఒడ్డుకి వచ్చాక ఇసకలో కూర్చున్నాను. అయినా నా బుద్ధి ఎక్కడికి పోతుంది? తప్పు నా ఒక్కదానిదే అని ఒప్పుకోవడానికి మనసు రాలేదు.

"అన్నీ బాగానే ఉన్నాయి. నాకు ఒక్క మాట చెబితే నేనే కొట్టించేదాన్నిగా. చెప్పకుండా కొట్టడం మాత్రం తప్పే కదా?"

సింహాచలం కొండ వైపు నడిచాడు. మేం వెనకే వెళ్ళాం. కంచె దగ్గర ఆగి, నా బోర్డు చూపించాడు. "ఈ స్థలం అమ్మబడదు. అనుమతి లేకుండా లోపలికి వచ్చినవారు శిక్షార్హులు." అంతే. పేరు లేదు, ఊరు లేదు, ఫోన్ నంబరు లేదు. ఎవరైనా పెట్టే బోర్డులో నంబరుంటుంది. నేను కావాలనే రాయించలేదు. నంబరు రాస్తే బ్రోకర్లు ప్రాణం తీస్తారు, ఆడమనిషిదని తెలిస్తే ఇంకా లోకువ అని.

"నంబరుంటే అడిగీవోలం కదమ్మా" అన్నాడు.

మిగతాది అతను చెప్పడానికి ఇష్టపడలేదు. వదినగారు గుచ్చి గుచ్చి అడిగితే చెప్పాడు. పోయినేడు సున్నం వంతు ఎర్రయ్యది. అప్పటికే చెట్లు కంబానికి అడ్డం వచ్చేశాయి. కొట్టేద్దామని ఊళ్ళో అందరూ అన్నారు. ఎర్రయ్య ఒప్పుకోలేదు. పరాయివాళ్ళ చెట్టు, వాళ్ళు పెంచుకున్నది, అడక్కుండా కత్తి పెట్టకూడదన్నాడు. ఆసామి ఎవరో కనుక్కోవడానికి భీమిలి రెండుసార్లు వెళ్ళాడు. అమ్మినావిడ ఊరొదిలి వెళ్ళిపోయింది. ఈ బోర్డు దగ్గరికి వచ్చి, ఎవరైనా కంచె చూసుకోవడానికి వస్తారేమో అని పొద్దుటి పూట కూర్చునేవాడట. ఎవరూ రాలేదు. నిషేధం అయిపోయి పడవలు దిగాయి. రెండో వారంలో, మబ్బు పట్టిన పొద్దున, ఎర్రయ్య పడవే బండకి కొట్టుకుంది. పడవకీ రాయికీ మధ్య కాలు నలిగింది.

"అందుకే ఈ ఏడు వంతు నాకు రాగానే కొట్టీసినాను. జైలుకెల్లినా ఎల్తాను గానీ ఇంకో కాలు పోకూడదనుకున్నాను. మాకు అవసరమైనయే కొట్టినాం. మిగతాయి మీయి."

నాకు ఏడుపొచ్చింది. ఆపుకోలేదు. వదినగారు నా వీపు మీద చెయ్యి వేశారు గానీ ఊరడించే మాట ఒక్కటీ అనలేదు. అందుకు ఇప్పటికీ ఆవిడ మీద నాకు గౌరవం.

ఎర్రయ్య ఇంటి ముందు, నీడలో, వల బాగుచేస్తున్నాడు. నన్ను చూసి లేవబోయాడు. లేవద్దన్నాను. ఏం మాట్లాడాలో ముందుగా అనుకుని వెళ్ళలేదు. "చెట్లు నావేనండీ" అన్నాను. అంతకు ముందు నేను ఆ ఊళ్ళో ఎవరినీ అండీ అనలేదు.

ఎర్రయ్య కోప్పడతాడని చూశాను. కోప్పడితే బాగుండేది. "మా నేలలో ఏదీ అంత బేగి ఎదగదమ్మా. ఏటి ఎరువు ఏసినారు?" అని అడిగాడు.

ఏమీ వెయ్యలేదని చెప్పాను. ఏమీ వెయ్యకుండానే అలా ఎదుగుతుందని చెప్పాను. ఆయన ఆశ్చర్యపోయాడు. లోపల్నుంచి వాళ్ళావిడ మజ్జిగ తెచ్చిచ్చింది. ఈసారి నేను గ్లాసులోకి తొంగి చూడకుండా తాగాను.

మూడున్నరకి ఆటో మాట్లాడుకుని పోలీస్ స్టేషనుకి వెళ్ళాం. ఎస్సైగారు చిన్నవయసాయన, మర్యాదస్తుడు. కాగితాలు సిద్ధంగా పెట్టుకుని ఉన్నారు. ఫిర్యాదు వెనక్కి తీసుకుంటున్నానంటే ఆయనకి అనుమానం వచ్చింది.

"ఊళ్ళోవాళ్ళు ఎవరైనా బెదిరించారా మేడం? భయపడకండి, చెప్పండి."

నన్ను ఇంకొకరు అలా చూడడం నాకు కొత్త. ఎవరూ బెదిరించలేదని చెప్పాను. అలాగైతే రాజీ పడ్డామని రాసి సంతకం పెట్టమన్నారు.

"రాజీ అంటే తప్పు రెండు వైపులా ఉండాలి కదండీ. వాళ్ళ వైపు లేదు" అన్నాను. తెల్లకాగితం అడిగి నేనే రాశాను. ఆ చెట్లు పడవల గురుతుకి అడ్డమని, వాటిని నాటింది నేనని, కొట్టినందుకు నాకు ఏ అభ్యంతరమూ లేదని, మిగిలినవి కూడా నేనే తీయిస్తున్నానని. కింద నా పేరు, ఊరు, స్కూలు, ఫోన్ నంబరు రాశాను. ఎస్సైగారు రెండుసార్లు చదివి, ఫైల్లో పెట్టుకున్నారు.

అక్కణ్ణుంచి మళ్ళీ గవ్వలపేట వెళ్ళాం. కొడితే చాలదని సింహాచలానికి చెప్పాల్సి ఉంది. సుబాబుల్‌ని మొద్దు ఉంచి కొడితే నాలుగు నెలల్లో నాలుగు కొమ్మలై లేస్తుంది. మా వైపు అందరికీ తెలిసిన సంగతి, వాళ్ళకి తెలియదు. వేళ్ళతో సహా పెకలించాలి, గింజలు రాలినచోట మొలకలు పీకాలి. పొక్లెయిన్ మనిషిని ఫోన్లో మాట్లాడి, మర్నాడు పొద్దునే రమ్మన్నాను. వాలు కాబట్టి కంబం మొదలు కదలకుండా పైవైపు మాత్రం మనుషులతో తవ్వించమని సింహాచలం అన్నాడు. సరే అన్నాను. అతను చెప్పినదానికి నేను సరే అనడం అదే మొదటిసారి. ఎక్కడ ఏం కట్టినా కంబానికి అడ్డం రాని మూల చూసి కట్టాలని వదినగారు అక్కడికక్కడే తేల్చేశారు. ఆ మూల నుంచి సముద్రం కొంచెమే కనిపిస్తుంది.

తెల్లకంబం చూడాలనుకునేవాళ్ళకి రెండు మాటలు. పొద్దున పదిలోపు వెళ్ళండి, తర్వాత రాయి కాలుతుంది. పైన నీడ లేదు, నీళ్ళు దొరకవు. గూట్లోకి ఎక్కకండి, లోపలి చెక్కమెట్లు పుచ్చాయి. కట్టిందెవరో ఊళ్ళో ఎవరినీ అడగొద్దు, తలా ఒకటి చెబుతారు. ఎందుకుందో అడగండి, అందరూ ఒకటే చెబుతారు.

మర్నాడు పొద్దున పొక్లెయిన్ వచ్చి పని మొదలుపెట్టిందని సింహాచలం ఫోన్ చేసి చెప్పాక విశాఖపట్నంలో తొమ్మిదిన్నర రైలెక్కాం. అన్నవరం దగ్గర పులిహోర పొట్లాలు కొనుక్కుని తిన్నాం. సామర్లకోట దాటాక వదినగారు నా వైపు తిరిగారు.

"కేసంటే వెనక్కి తీసుకున్నావు సుజాతా. ఆ కాలు?"

"ఏం చెయ్యాలో తెలీడం లేదు వదినగారూ. విశాఖలో ఎముకల డాక్టరుకి చూపిస్తానని చెప్పా. వస్తానన్నాడు. సరిగ్గా అవుతుందో లేదో."

"చూపించు. కానీ దాంతో చెల్లిపోయిందనుకోకు" అన్నారు. తిట్టినట్టు అనలేదు. ఆ స్థలంలో సగం ఆవిడది కూడా.

నాలుగున్నరకి విజయవాడ. ఐదుంబావుకి జగ్గయ్యపేట బస్సు దొరికింది. ఎప్పట్లా కిటకిటలాడుతోంది. కంచికచర్ల దగ్గర సీట్లు ఖాళీ అయ్యాయి. అక్కణ్ణుంచి రోడ్డుకి రెండు వైపులా సుబాబుల్ తోటలు. ఇదివరకు ఆ తోటలు చూస్తే నాకు నిశ్చింతగా ఉండేది, ఎవరి భూమి వాళ్ళ దగ్గరే ఉంది కదా అని. ఇక్కడ వాటి వెనక ఏ కంబమూ లేదు, ఏ పడవా రాదు, వాటి తప్పేమీ లేదు. అయినా అటు చూడలేక తల తిప్పుకున్నాను.

ముందు సీట్లో మా నందిగామ ఆయనే, నా దగ్గర చదివిన పిల్ల తండ్రి, ఉన్నాడు. ఐదెకరాల సుబాబుల్ ఆసామి. నా ఫిర్యాదు సంగతి ఊళ్ళో తెలియనివాళ్ళు లేరు. వెనక్కి తిరిగి పలకరించాడు.

"ఏమండీ టీచరుగారూ, వెళ్ళొచ్చారా? దొంగలు దొరికారా?"

"దొరికారండీ."

"అదీ! మీరు వదిలిపెడతారా. ఎంతమంది?"

"ఒక్కళ్ళే. నేనే."

ఆయన గట్టిగా నవ్వాడు, నేను హాస్యమాడుతున్నాననుకుని. ఆ తర్వాత నా మొహం చూసి, పక్కనున్న వదినగారి మొహం చూసి, నవ్వు ఆపేశాడు. ఏమైందండీ అని అడిగాడు. నందిగామ వచ్చేలోపు ఆయనకి మొదటినుంచీ చెప్పాను, ఒక్క స్టెప్పు కూడా వదలకుండా.